డెల్టా ఫెర్న్‌ల పుస్తకం: రూపం చూసి వరస కట్టాలా, డీఎన్ఏ చూసా?

అమలాపురం లెక్చరర్:
మా డిగ్రీ పిల్లల కోసం డెల్టాలో దొరికే ఫెర్న్‌ల (పువ్వూ విత్తనం లేకుండా, పొడిలాంటి సిద్ధబీజాలతో పుట్టే మొక్కలు) మీద చిన్న పుస్తకం వేస్తున్నాం. ధవళేశ్వరం నుంచి కోరంగి మడ అడవుల దాకా చేలల్లో, కాలువల్లో, పాత గోడల మీద కనిపించేవి ఇందులో ఉంటాయి. మొక్కల్ని ఏ వరసలో పెట్టాలన్న దగ్గరే పేచీ వచ్చింది. దొరికే చోటు, కంటికి కనిపించే రూపం బట్టి పెడదామని నేను. ప్రపంచంలోని ఫెర్న్ నిపుణులు కలిసి డీఎన్ఏ బంధుత్వాల్ని బట్టి 2016లో తెచ్చిన పీపీజీ వర్గీకరణ ప్రకారమే పెట్టాలని మా మేడం. చేలో నిలబడ్డ పిల్లాడి చేతిలో మొక్క ఉంటుంది గానీ డీఎన్ఏ రిపోర్టు ఉండదు కదా! మీరేమంటారు?

మడగట్టు:
నా ఓటు మేడం గారికేనండి. రూపాన్ని నమ్ముకుంటే ఎలా బోల్తా పడతామో మన డెల్టాలోనే సాక్ష్యం ఉంది. మడ అడవుల ఉప్పునీటి అంచుల్లో పెరిగే ఎక్రోస్టికమ్ ఆరియం తీసుకోండి. మనిషిని మించిన ఎత్తు, దళసరి ఆకులు. ముదిరిన మట్టలో కొస వైపు ఆకుల్ని తిరగేస్తే సిద్ధబీజాశయాలు (సిద్ధబీజాలుండే చిన్న సంచులు) అడుగంతా తుప్పు రంగులో కమ్మేసి ఉంటాయి. చుక్కలుండవు, గీతలుండవు. ఇక వరి చేలల్లో, బోదెల్లో వచ్చే సెరటాప్టెరిస్ చూడండి. మెత్తటి కాడ, చీలికల ఆకు, చేత్తో నలిపితే నీరైపోతుంది. సిద్ధబీజాలు వచ్చే ఆకులు సన్నగా ఉండి, అంచులు లోపలికి మడుచుకుని వాటిని దాచేస్తాయి. పాత పుస్తకాల్లో దీన్ని పార్కెరియేసి అని విడిగా ఒక కుటుంబంలో కూర్చోబెట్టారు. డీఎన్ఏ చూస్తే ఈ రెండూ ఒకదానికొకటి అతి దగ్గర చుట్టాలు. ఇప్పుడు టెరిడేసి కుటుంబంలో రెండిటిదీ ఒకే ఉపకుటుంబం, అందులో ఉన్నవే ఈ రెండు ప్రజాతులు. కంటితో చూసి ఈ మాట ఎవరైనా చెప్పగలరా?

కడియం నర్సరీ:
ఆయ్, మాస్టారూ, మీ పుస్తకంలో ఆస్పరాగస్ ఫెర్న్ ఉంటుందా లేదా? మా దగ్గర బాగా పోయే కుండీ అదే.

అమలాపురం లెక్చరర్:
ఉండదండి. దానికి తెల్లటి పూలు, ఎర్రటి కాయలు వస్తాయి కదా. పువ్వు పూసిందంటే ఫెర్న్ కాదు, అక్కడితో సరి. మీరు అమ్మే సైకస్ కూడా కాదు. దాని లేత ఆకులు కూడా ఫెర్న్‌లలాగే చుట్ట చుట్టుకునే వస్తాయి, అందుకని చుట్ట ఒక్కటే చూసి తీర్పు ఇవ్వకూడదు. సైకస్‌కి విత్తనాలుంటాయి.

కడియం నర్సరీ:
కాదంటే కాదు లెండి, బోర్డు మాత్రం మార్చను. ఆ పేరు తీసేస్తే మొక్క పోదు.

ఫస్టియర్ అమ్మాయి తండ్రి:
పిల్లలకి పరీక్షలో టెరిడోఫైటా అనే అడుగుతారు. అందులోనే ఫెర్న్‌లు, లైకోపోడియం, సెలాజినెల్లా, ఈక్విసెటమ్ అన్నీ ఉంటాయి. మీరు కొత్త లెక్క నేర్పితే మార్కులు ఎవరిస్తారు సార్? అసలే నీట్ టెన్షన్‌లో ఉంటారు పిల్లలు.

ఆ మేడం:
సార్ చెప్పిన మేడంని నేనే. తండ్రిగా మీ భయం న్యాయమే. పరీక్షకి పుస్తకంలో ఉన్నదే రాయమనండి. కానీ టెరిడోఫైటా అన్నది ఒకే వంశం కాదన్న సంగతి కూడా వాళ్లకి తెలియాలి. ఈక్విసెటమ్‌నీ, సైలోటమ్‌నీ ఫెర్న్‌ల పక్కన పెట్టే ‘తోబుట్టువులు’గా చెప్పేవాళ్లం. అవి ఫెర్న్‌లలోనే కలుస్తాయని 2001లోనే తేలింది. సెలాజినెల్లా, లైకోపోడియం కథ దీనికి తిరగబడింది. వాటి శాఖ ముందే విడిపోయింది. ఫెర్న్‌కి సెలాజినెల్లా కన్నా మన కోనసీమ కొబ్బరిచెట్టే దగ్గరి బంధువు. క్లాసులో ఈ మాట అంటే వెనక బెంచీ కూడా తలెత్తుతుంది. పీపీజీలో 11,916 జాతులు, 51 కుటుంబాలున్నా పై మెట్టులో ఉన్నవి రెండే తరగతులు. లైకోఫైట్లు (సెలాజినెల్లా, లైకోపోడియం లాంటివి) ఒకటి, ఫెర్న్‌లు రెండోది.

ఇంకో మాట. సార్ లెక్కన నాలుగాకుల మార్సీలియా ‘చేలు’ అధ్యాయంలోకి, అజొల్లా, సాల్వీనియా ‘చెరువులు’ అధ్యాయంలోకి పోతాయి. ఈ మూడూ సాల్వీనియేల్స్ అనే ఒకే క్రమంలోవి. మూడింటికీ చిన్నవీ పెద్దవీ రెండు సైజుల సిద్ధబీజాలుంటాయి. ఫెర్న్‌లలో ఇది చాలా అరుదు. ఆకులు చూస్తే ఎవరికీ తట్టదు, లెన్సు కింద పెడితే తెలుస్తుంది. డీఎన్ఏ ఎక్కడో లాబ్‌లో కూర్చుని తీర్పు చెప్పట్లేదు, ఎక్కడ వెతకాలో చూపిస్తోంది.

అమలాపురం లెక్చరర్:
మేడం గారూ, బంధుత్వాల్లో మీతో నాకు గొడవ లేదు. మొక్కని గుర్తుపట్టడం వేరు, అది ఎవరి బంధువో చెప్పడం వేరు. మార్సీలియా చూపిస్తే పిల్లలు పులిచింత అంటారు. ముందు ఆ పొరపాటు పోవాలి. పులిచింతకి మూడాకులు, పసుపు పువ్వు, నోట్లో పెడితే పులుపు. మార్సీలియాకి నాలుగు, లేత ఆకు చుట్ట చుట్టుకుని వస్తుంది, పువ్వు ఎప్పటికీ రాదు. ఇది నేర్పడానికి సాల్వీనియేల్స్ అనే మాట అక్కర్లేదు. గోడల సంగతీ అంతే. పాత లాకుల సున్నం గచ్చు పగుళ్లలో బారుగా వేలాడే టెరిస్ విట్టాటా ఆకు అంచు వెంబడి గీతలా సిద్ధబీజాశయాలుంటాయి. అది చాలు. నేల నుంచి ఆర్సెనిక్‌ని లాగి ఆకుల్లో దాచుకుంటుందని 2001లో బయటపడిన ఫెర్న్ ఇదేనని ఆ పక్కన ఒక వాక్యం రాస్తాను. కుటుంబం పేరు పేజీ అడుగున మీ లెక్క ప్రకారమే వేద్దాం.

ఆ మేడం:
అడుగున వేస్తే ఎవరూ చదవరు సార్. పేరు పక్కనే వెయ్యండి. అధ్యాయాలు మీ ఇష్టప్రకారం కానివ్వండి, ముందు ఒక పేజీలో వంశవృక్షం ఉండాల్సిందే.

మడగట్టు:
అలాగైతే ఫొటో చూసి మార్సీలియాకి జాతి పేరు వెయ్యకండి. చేను ఆరినప్పుడు కాడ మొదట్లో చిక్కుడు గింజంత కూడా లేని గట్టి స్పోరోకార్ప్‌లు (సిద్ధబీజాలుండే కాయల్లాంటివి) వస్తాయి. వాటి మీద పళ్లు, కాడకి అతుక్కున్న తీరు చూడందే క్వాడ్రిఫోలియా అనో, మైన్యూటా అనో అనకూడదు. ఆకులు మాత్రమే ఉంటే ‘మార్సీలియా’ దగ్గర ఆగిపోవడమే పద్ధతి.

రాజోలు రైతు:
మా చెరువంతా తేలే మొక్క కమ్మేసింది. ఫొటో పెట్టాను. అజొల్లా అనుకుని గేదెలకి వేద్దామంటున్నాడు మావాడు.

ఆ మేడం:
వెయ్యకండి బాబాయ్ గారూ, ఇది అజొల్లా కాదు, సాల్వీనియా. అజొల్లా ఆకులు పొలుసుల్లా సన్నగా ఉంటాయి, వేళ్లు నిజమైనవి. దీనికి వేళ్లలా కిందకి వేలాడేవి కూడా ఆకులే. ఏ సాల్వీనియా అన్నది ఈ ఫొటోలో తేలదు. ఒక ఆకు తీసి, పైనున్న వెంట్రుకల్ని సెల్‌ఫోన్‌తో దగ్గరగా తీసి పెట్టండి. వెంట్రుకల కొసలు కలిసి చిన్న పంజరంలా ఉంటే సాల్వీనియా మొలెస్టా అనే జాతి కావచ్చు, అది చెరువుని వదలదు. ఏరిన మొక్కల్ని మాత్రం కాలువలో పారెయ్యకండి.