అప్‌డేట్: ట్రెక్‌లో వెనకబడిపోయేవాళ్ల గురించి అడిగాను కదా

మా గ్రూపులో నెమ్మదిగా నడిచేవాళ్లు, సరిగ్గా వినపడని ఒకావిడ ప్రతిసారీ ఒంటరైపోతున్నారు, లీడర్‌గా ఏం చేయాలి అని ఇంతకుముందు అడిగాను. మీ సలహాలు చాలావరకు పాటించాం.

అన్నిటికన్నా బాగా పనిచేసింది బ్రేక్ పద్ధతి మార్చడం. ఇదివరకు ముందున్నవాళ్లు ఆగి, నీళ్లు తాగి, వెనకవాళ్లు రొప్పుతూ రాగానే లేచి బయల్దేరేవారు. విశ్రాంతి ఎవరికి ఎక్కువ అవసరమో వాళ్లకే దక్కేది కాదు! ఇప్పుడు చివరి మనిషి వచ్చి బ్యాగు దించాకే బ్రేక్ మొదలు. టెంట్ల బరువు బలమైనవాళ్లు పంచుకున్నారు. దాంతో వేగాల్లో తేడా కూడా తగ్గింది.

టైమ్ లెక్క కూడా మార్చాం. 1892లో స్కాట్లాండ్ పర్వతారోహకుడు విలియం నైస్మిత్ నడక సమయం అంచనాకు చెప్పిన సూత్రం ప్రకారం 5 కిలోమీటర్లకు గంట, ప్రతి 600 మీటర్ల ఎత్తుకు ఇంకో గంట. అది బాగా నడవగలిగేవాళ్ల లెక్క, అందులో విశ్రాంతి సమయం లేదు. మేం మాలో నెమ్మదైన నడకను బట్టే ప్లాన్ వేస్తున్నాం.

ఇక సరిగ్గా వినపడని ఆవిడకు ఏం కావాలో ఆవిడనే అడగమని మీరన్నారు, అడిగాను. "సూర్యుడు మీ వెనక ఉంటే మీ ముఖం నల్లగా కనిపిస్తుంది, పెదాలు చదవలేను" అన్నారు. ఈ సంగతి నాకెప్పటికీ తట్టేది కాదు. ఇప్పుడు మాట్లాడేవాళ్లే ఎండకు ఎదురుగా నిలబడుతున్నాం. ఆగండి, రాయి జారుతోంది లాంటి చేతి సైగలు అందరం నేర్చుకున్నాం. గాలి హోరులో అవి అందరికీ పనికొస్తున్నాయి.

వేగంగా నడిచే ఒకరిద్దరికి ఇంకా అసంతృప్తి ఉంది. వాళ్లతో విడిగా మాట్లాడుతున్నాను.