గ్రెట్‌షెన్ అన్నది గోల్డా, గెల్టా?

పాతపాఠం: జర్మన్ కవి గోథే నాటకం ‘ఫౌస్ట్’ మొదటి భాగంలో కథానాయిక గ్రెట్‌షెన్ నగలపెట్టె తెరిచాక అనే మాట కొన్నాళ్లుగా నన్ను వదలడం లేదు. అందరూ దేనికోసమో ఎగబడతారు, సమస్తం దాన్నే పట్టుకు వేలాడుతుంది, ‘ఆఖ్ వియర్ ఆర్మెన్’, అయ్యో పేదవాళ్లం. ఆ ‘దాని’ స్థానంలో ఉన్నది ‘గోల్డె’నా, ‘గెల్డె’నా? బంగారమా, డబ్బా? ఏది పెట్టినా లయ చెడదు.

మ్యూనిక్ వాసి: ‘గోల్డె’. ఇందులో వాదన లేదు. ఆమె చేతిలో ఉన్నవి నగలు. ఆ చెవికమ్మలైనా తనవైతే బాగుండునని అప్పుడే అనుకుంది. అక్కడ నాణేలు ఎందుకు వస్తాయి?

పదశోధన: పాఠం సరే. గెల్ట్ గోల్డ్‌కు చుట్టమని మాత్రం ఎవరూ అనకండి. గోల్డ్ పసుపు మెరుపును చెప్పే ధాతువు నుంచి వచ్చింది. గెల్ట్ ‘గెల్టెన్’ క్రియకు సంబంధించినది. పాత జర్మన్‌లో ‘గెల్ట్’కు చెల్లింపు, పరిహారం, దేవుడికిచ్చే అర్పణ అని అర్థాలు. హతుడి బంధువులకు కట్టే సొమ్ము ‘వేర్‌గెల్ట్’. డబ్బు అనే అర్థం తరువాత స్థిరపడింది.
నా ఉద్దేశంలో ‘గెల్టెన్’కు మన ‘చెల్లు’ను మించిన తెలుగు లేదు. నోటు చెల్లుతుంది, బాకీ చెల్లిస్తాం, పగ తీరితే ‘చెల్లుకు చెల్లు’ అంటాం. జర్మన్లు ప్రతీకారాన్ని ‘ఫెర్‌గెల్టుంగ్’ అంటారు. మూడు అర్థాలూ రెండు భాషల్లోనూ ఒకే గూటిలో ఉన్నాయి!

నిఘంటుప్రియ: పోలిక అందంగా ఉందండీ, కానీ నడక తిరగబడింది. మన ‘చెల్లు’కు మొదటి అర్థం గడచు, సాగు. అందుకే ‘కాలం చెల్లింది’, ‘నూకలు చెల్లాయి’ అంటాం. సాగేది కాబట్టి చెలామణి అయింది, దానికి ప్రేరణార్థకం ‘చెల్లించు’. జర్మన్‌లో తిరిగి ఇవ్వడం ముందు, చెలామణి తరువాత.

పదశోధన: ఎటునుంచి వచ్చినా చేరిన చోటు ఒకటే కదండీ.

నిఘంటుప్రియ: వచ్చిన దారి చూడకుండా పదచరిత్ర ఎలా రాస్తాం?

మ్యూనిక్ వాసి: అసలు తగవు ‘గెల్ట్’ చివరి అక్షరంలో ఉంది. రాసేటప్పుడు ‘డ్’, పలికేటప్పుడు ‘ట్’. బహువచనం ‘గెల్డర్’ అనగానే ‘డ’ వినిపిస్తుంది. మధ్యయుగపు రాతల్లో ‘గెల్ట్’ అనే ఉండేది. ప్రతిఫలం అనే అర్థంలో ‘ఎంట్‌గెల్ట్’ను ఇప్పటికీ ‘ట్’తోనే రాయాలి, చదువుకున్నవారూ ‘డ్’ పెట్టేస్తారు. అది ‘ఎంట్‌గెల్టెన్’ క్రియ నుంచి వచ్చింది మరి. దక్షిణ జర్మనీలోని బవేరియాలో ఎవరైనా మేలు చేస్తే ‘ఫెర్‌గెల్ట్స్ గాట్’ అంటారు, నీ రుణం దేవుడు తీర్చుగాక అని. అక్కడా ‘ట్’ చెక్కుచెదరలేదు.

పాతపాఠం: ఇంతకీ రెండో భాగంలో ఎక్కడో ‘గెల్ట్’ అన్నట్టు గుర్తు. నా చెవిలో రెండూ కలుస్తున్నాయేమో?

గోథే అభిమాని: అది చక్రవర్తి మాట. ‘ఎస్ ఫేల్ట్ ఆన్ గెల్ట్, నూన్ గూట్, జో షాఫ్ ఎస్ డెన్.’ డబ్బు లేదు, సరే, అయితే పుట్టించు! సైతాను మెఫిస్టోఫిలిస్ పుట్టించేశాడు. ప్రభువు సంతకం ఉన్న కాగితం, దానికి పూచీ భూమిలో పాతిపెట్టి ఉన్న నిధులు. తెల్లవారేసరికి వేల ప్రతులు. 1782 నుంచి వైమార్ సంస్థానం ఖజానా వ్యవహారాలు చూసినవాడు కాబట్టే గోథే ఈ ఘట్టాన్ని అలా రాయగలిగాడు. పదశోధన గారూ, మీ ‘చెల్లు’ నిలిచేది ఇక్కడే. ఆ కాగితంలో మెరుపు లేదు, అది చెల్లుతుందన్న నమ్మకమే ఉంది. గ్రెట్‌షెన్‌కు ‘గోల్డె’ ఇచ్చి, చక్రవర్తికి ‘గెల్ట్’ ఇవ్వడం కావాలని చేసిన పనే.

నిఘంటుప్రియ: కావాలనా? ‘గెల్ట్’ సభలో పలికే మామూలు మాట. కవి ఎంపికని ఎలా నిరూపిస్తారు?

గోథే అభిమాని: రెండు ఘట్టాలనూ వెంటవెంటనే పైకి చదవండి, తెలుస్తుంది.

బొగ్గుబస్తా: వీధుల్లో డబ్బుకు ‘గెల్ట్’ కంటే ‘కోలె’ (బొగ్గు), ‘క్రోటెన్’ (గోదురు కప్పలు), ‘మోయ్‌జె’ (ఎలుకలు) ఎక్కువగా వింటాను. ‘మోస్’ అంటే నాచు కాదు, హీబ్రూలో నాణేలను చెప్పే మాట యూదుల యిడ్డిష్ మీదుగా వచ్చింది. ‘త్సాస్టర్’కు మూలం రోమానీ (యూరప్ జిప్సీల భాష)లో ఇనుము అనే మాట.

మ్యూనిక్ వాసి: బాగుంది. ‘గెల్ట్’ను ఇంకో చోటా వింటారు. దక్షిణ జర్మనీవారు వాక్యం చివర ‘గెల్?’ అంటారు, మన ‘కదా?’ లాగా. అది ‘గెల్టెన్’ నుంచే, ‘చెల్లుగాక’ అన్న రూపం నుంచి వచ్చింది.

పదశోధన: అంటే ‘చెల్లుతుందా?’ అని అడుగుతున్నట్టే! ఇప్పుడేమంటారు, నిఘంటుప్రియ గారూ?

నిఘంటుప్రియ: ‘గాక’కూ ప్రశ్నకూ తేడా ఉందండీ. ఆ రూపం విధ్యర్థమా, ఆకాంక్షా అన్నది ముందు తేల్చండి.