గేటు దిమ్మలో ఇంకిన మూత్రం వాసన పోవట్లేదు, కుక్క అక్కణ్ణుంచి కదలట్లేదు

ఊరు పర్లాకిమిడి. 3 ఏళ్ల నాటు మగ కుక్క, పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ అయింది. తెల్లవారుజామున, మళ్లీ రాత్రి 9 దాటాక గేటు దిమ్మ అడుగున ఒకే చోట ముక్కు పెట్టి నిలబడిపోతుంది. నాకి, పళ్లు టకటకలాడించి, నోట నురగ వచ్చాక అక్కడే కాలెత్తుతుంది.

పళ్లు కొట్టుకోవడం జబ్బేం కాదు, వాసనని అంగిట్లోని జాకబ్సన్ అవయవానికి (ఇలాంటి వాసనల్ని పసిగట్టే భాగం) పంపుకుంటోంది. ఎదకొచ్చిన వీధికుక్క ఏదో అక్కడ పోసి ఉంటుంది. ఆపరేషన్ అయిన మగవాటికీ ఈ ఆరా పోదు. పశువుల డాక్టరు చిగుళ్లు చూశారు, మూత్రం పరీక్ష చేయించారు, అన్నీ బాగున్నాయి.

ఫినాయిల్‌తో కడిగితే ఆ ఘాటు మీద ఇంకా ఎక్కువ పోస్తోంది. బ్లీచింగ్ జోలికి పోలేదు, మూత్రంలోని అమ్మోనియాతో కలిస్తే విషవాయువు పుడుతుంది. వెనిగర్, నీళ్లు సమానంగా కలిపి కొడితే ఒక్క పూటే పనిచేసింది. ఎంజైమ్ క్లీనర్ (మూత్రం మరకని విరగ్గొట్టే ద్రవం) 15 నిమిషాలు నానబెట్టి కడిగితే కాస్త నయం, కానీ వాన తడి తగిలిందా, మళ్లీ మొదలు. దిమ్మకి రంగు లేదు, ఉత్త సిమెంటు. మూత్రం లోపలిదాకా ఇంకిపోయింది.

ఎంజైమ్ క్లీనర్‌తో తడిపిన గుడ్డ చుట్టి, పైన పాలిథిన్ కప్పి రాత్రంతా ఉంచి, పూర్తిగా ఆరాక సీలర్ (తడి ఇంకకుండా పూసే పూత) పూస్తే సరిపోతుందా, లేక అడుగు ఎత్తు వరకూ ప్లాస్టరింగ్ చెక్కించేయాల్సిందేనా?