మరుగైన వేడిమి అనా, మరిగిన వేడిమి అనా?

పాతకాగితం:
రెండు రోజులుగా ఒక పద్యం బుర్రలో తిరుగుతోంది. బళ్ళో సైన్సు మాస్టారు బోర్డు మీద రాసి మాచేత వల్లె వేయించిన ఆటవెలది.

మంచు కరుగు వేళ మంట మింగును గాని
వేడి పెరగ దొక్క వీసమైన
మరుగు నీటిలోన మరుగైన వేడిమి
యావిరందుఁ జేరి యవలఁ దేలు

పేచీ అంతా మూడో పాదంతోనే. "మరుగైన వేడిమి" అన్నారా, "మరిగిన వేడిమి" అన్నారా? ఒకసారి అలా, ఒకసారి ఇలా వినిపిస్తోంది. గణాలు కట్టి చూశాను. మరుగైన సలం, మరిగిన నలం, రెండూ ఇంద్రగణాలే. యతికి ‘మ’ ఒక్కటి చాలు. ఛందస్సు చేతులెత్తేసింది. ఎవరైనా ఈ పద్యం విన్నారా? మాస్టారి సొంతమేనా?

తోకచుక్క:
ఆటవెలది కనపడగానే "వేమన" అనేవాళ్ళు వచ్చేలోపు నేనే చెప్పేస్తున్నా, వేమన కాదు. గుప్తోష్ణంతో, అంటే మంచు కరిగేటప్పుడు, నీరు మరిగేటప్పుడు ఉష్ణోగ్రత పెంచకుండా లోపల దాక్కునే వేడితో, ఆయనకేం పని?
ఇక పాఠం అంటారా, "మరుగైన" అనే. నీరు మరుగుతుంది గానీ వేడి మరుగుతుందా? మరుగైన అంటే చాటైన. గుప్తోష్ణానికి ఇంతకన్నా చక్కని తెలుగు ఎక్కడ దొరుకుతుంది? మరుగు నీటిలో మరుగైన వేడి. మాస్టారు యమకం వేశారండీ, దండం పెట్టాలి.

అరసున్న:
యమకం అంటే అవే అక్షరాలు తిరిగి రావాలి కదా. చాటు అనే అర్థంలో పాత పుస్తకాల్లో కనిపించేది మఱుఁగు. బండి ఱ, ఆపైన నా పేరు. మీరు చూపిస్తున్న పాదంలో రెండూ మామూలు ర లే. పాతకాగితం గారూ, బోర్డు మీద మాస్టారు ఏ ర రాశారో గుర్తుందా? అది తేలితే మిగతాదంతా తేలుతుంది.

పాతకాగితం:
మా బళ్ళో బండి ఱ రాసినవాళ్ళు ఎవరూ లేరండి. రాసినా మేం గుర్తుపట్టేవాళ్ళం కాదు.

గళ్ళనుడి:
మూడో అర్థం ఎవరూ ఎత్తలేదేం? రుచి మరిగిన పిల్లి అంటాం కదా, అలవాటు పడడం. "మరిగిన వేడిమి" అంటే నీటికి మరిగిన వేడి. నీటిని పట్టుకుని వదలదు, ఆవిరైనా వెంటే పోతుంది. నాలుగో పాదంలో "యావిరందుఁ జేరి" అన్నది అందుకే. నా ఓటు మరిగినకి.

తోకచుక్క:
వేడిని పిల్లిని చేశారు, బాగుంది. మరుగుజ్జును కూడా తెచ్చుకోండి, సరిపోతుంది.

కొలిమి:
మీరంతా మూడో పాదం పట్టుకు కూర్చున్నారు, తప్పు రెండో పాదంలో ఉంది. "వేడి పెరగ దొక్క వీసమైన" అట! మంట వేడిని ఇస్తూనే ఉంది, మంచు మింగుతూనే ఉంది. మరి పెరగనిది ఏది? ఉష్ణోగ్రత. వేడి వేరు, ఉష్ణోగ్రత వేరు. మొదటి పాదంలో మింగిందంటూ రెండో పాదంలో పెరగలేదనడం ఏం లెక్క?

నిద్రగన్నేరు:
కొలిమి గారూ, అక్కడ వేడి అంటే వేడిగా ఉండడం. చెయ్యి పెట్టి చూసి "వేడి పెరగలేదు" అంటామా లేదా? తెలుగులో వేడి ఒక్కటే మాట, పని మాత్రం రెండు. అది భాష తప్పు, మాస్టారిది కాదు.

కొలిమి:
భాష తప్పు కూడా కాదు లెండి. ఈ రెంటినీ విడదీయడానికి యూరప్‌లో జోసెఫ్ బ్లాక్ అనే శాస్త్రవేత్త దాకా ఆగాల్సి వచ్చింది. గ్లాస్గోలో 1760ల మొదట్లో. అంతవరకూ వాళ్ళూ ఏమనుకున్నారంటే, మంచు కరిగే దశకు వచ్చాక ఇంకొంచెం వేడి తగిలితే చాలు, మొత్తం ఒక్కసారి నీరైపోతుందని. బ్లాక్ దానికి చెప్పిన జవాబు నాకు మహా ఇష్టం. అదే నిజమైతే కొండల మీది మంచంతా ఒక్కపెట్టున కరిగి కిందున్నవాటిని ఊడ్చుకుపోవాలి కదా, మరి మెల్లగా ఎందుకు కరుగుతోంది? ఈ దాక్కున్న వేడికి ఆయన పెట్టిన పేరులోని లాటిన్ మాటకు అర్థం దాగి ఉన్నది అనే. మన ‘గుప్త’ దానికి అక్షరాలా సరిపోయే మాట.

తోకచుక్క:
చూశారా, దాగి ఉన్నది. మరుగైన. కేసు ముగిసింది.

అరసున్న:
మీకు కేసులు ముగించడం మీద ఉన్న శ్రద్ధ సంధుల మీద లేదు. అసలు "ఆవిరందు" ఏమిటండీ? ఆవిరి + అందు, అక్కడ ఇకారం ఎలా పోయింది? ఆవిరియందు అనాలి, అంటే గణం చెడుతుంది. అందుకే ఇది కవి రాసింది కాదు, మాస్టారు రాసిందే. నేనైతే ఇలా సవరిస్తాను:
ఆవిరిగను మారి యవలఁ దేలు

కొలిమి:
సంధి దిద్దబోయి శాస్త్రం చెడగొట్టారు. మీ పాదంలో ఆవిరిగా మారేది ఏది? మూడో పాదంలో కర్త వేడిమి. వేడి ఆవిరిగా మారదు, నీరు మారుతుంది. వేడి ఆవిరిలో చేరుతుంది, అంతే. మాస్టారి "చేరి" సరైన మాట. "అవలఁ దేలు" ఇంకా సరైనది. ఆవిరి ఎక్కడికో పోయి చల్లని దేన్నో తాకి తిరిగి నీరైనప్పుడు, మింగిన వేడంతా అక్కడ కక్కుతుంది. మరుగుతున్న గిన్నె మీద మూత ఎత్తేటప్పుడు వేలికి ఆవిరి తగిలితే తెలుస్తుంది. 100 డిగ్రీల నీటిబొట్టు పడితే చుర్రుమంటుంది. అదే 100 డిగ్రీల ఆవిరి తగిలితే బొబ్బ లేస్తుంది. ఉష్ణోగ్రత ఒకటే, కానీ ఆవిరి వేలి మీద నీరవుతూ గ్రాముకి 540 కేలరీలు అక్కడే దించిపోతుంది.

నిద్రగన్నేరు:
"అవలఁ దేలు"కి ఇంత ఉందని నాకు తట్టలేదు. నిజంగా మాస్టారికి దండం.
కానీ నన్ను పట్టుకున్నది వేరే మాట, బాష్పీభవనం. ఆవిరీ బాష్పమే, కన్నీరూ బాష్పమే. మేఘసందేశం మొదట్లో యక్షుణ్ణి కాళిదాసు "అంతర్బాష్పః" అంటాడు. కన్నీరు బయటికి రానీయకుండా లోపలే అణుచుకుని నిలబడ్డవాడు. గుప్తోష్ణం అన్నప్పుడల్లా నాకు ఆ యక్షుడే గుర్తొస్తాడు. పైకి ఏ మార్పూ లేదు, లోపల మాత్రం నిండుతూనే ఉంది. ఆ తర్వాత రెండు శ్లోకాలకే మేఘం అంటే ఏమిటో చెబుతాడు. పొగ, వెలుగు, నీరు, గాలి కలిసిన ముద్ద అని. అలాంటి దానికి కబురు మోసే పని ఎలా అప్పజెప్పాడయ్యా అని తనే ఆశ్చర్యపోతాడు.

గళ్ళనుడి:
కబురు మోస్తుందో లేదో గానీ వేడి మాత్రం మోస్తుంది. ఎక్కడో ఆవిరైన నీరు మేఘంలో బొట్లయ్యేటప్పుడు ఆ వేడంతా గాలికి వదులుతుంది. ఆ గాలి ఇంకా పైకి లేస్తుంది. పెద్ద పెద్ద ఉరుముల మబ్బులు అంత ఎత్తుకు ఎదిగేది ఆ బలంతోనే. యక్షుడు సరైన వాహనమే ఎంచుకున్నాడు.

అరసున్న:
బాష్పం మాట వచ్చింది గనుక. దయచేసి ఎవరూ "భాష్పం" అని ఒత్తు పెట్టకండి. ఆనందభాష్పాలు, భాష్పీభవనం, ఎక్కడ చూసినా అదే గోల. సంస్కృతంలో బాష్ప, వాష్ప అని రెండు రూపాలున్నాయి, రెంటిలోనూ ఒత్తు లేదు. "ద్రవిభవనం" అని పొట్టిగా రాసేవాళ్ళకూ ఒక మాట. ఆ దీర్ఘం ఉత్తినే రాలేదు. అది చ్వి ప్రత్యయం చేసిన పని, "అభూతతద్భావే". ఇంతకుముందు అది కానిది ఇప్పుడు అది కావడం. ద్రవం కానిది ద్రవం కావడం ద్రవీభవనం, ఘనం కానిది ఘనం కావడం ఘనీభవనం. స్థితి మారిందని చెబుతున్నది ఆ ఒక్క ‘ఈ’ కారమే. దాన్ని కొరికేస్తే మంచు కరగదు.

తోకచుక్క:
"దాన్ని కొరికేస్తే మంచు కరగదు" — అరసున్న గారూ, ఈ ముక్క రాసి గోడకు అంటించుకుంటా. సంధి విషయంలో మాత్రం ఇంకా ఒప్పుకోను.

గళ్ళనుడి:
మరి ఆవిరి తిరిగి నీరు కావడం, అదే సాంద్రీకరణం, దాని సంగతేమిటి? మిగతావన్నీ భవనాలు, ఇదొక్కటే కరణం. మంచు తనంతట తాను ద్రవం అవుతుంది, నీరు తనంతట తాను బాష్పం అవుతుంది, ఆవిరిని మాత్రం ఎవరో పట్టుకుని సాంద్రం చేయాలా? సాంద్రీభవనం అంటే పోయేదేముంది?

అరసున్న:
అదీ రాసినవాళ్ళున్నారు. నాకూ అదే నచ్చుతుంది. ఉత్పతనానికి ఈ చ్వి గొడవే లేదు, ఘనం సరాసరి వాయువై పైకెగరడం. కర్పూరం లాగా.

కొలిమి:
సంస్కృతం పక్కన పెట్టి తెలుగు క్రియలు చూడండి, అక్కడ ఇంకా పదును ఉంది. నీళ్ళు కాగుతున్నాయి, నీళ్ళు మరుగుతున్నాయి. ఈ రెండూ ఒకటి కాదని తెలుగు తెలిసిన ఎవరినడిగినా చెబుతారు. కాగుతున్నంతసేపూ ఉష్ణోగ్రత పెరుగుతుంది. మరగడం మొదలయ్యాక ఆగిపోతుంది. ఆ తర్వాత ఇచ్చే వేడంతా అణువుల మధ్య పట్టు విడిపించడానికే ఖర్చు, వాటి వేగం పెంచడానికి కాదు. ఇక మంట లేకుండానే, ఏ ఉష్ణోగ్రత దగ్గరైనా మెల్లగా ఆవిరైపోతే ఇగిరిపోవడం. మూడు మాటలు, మూడు వేర్వేరు సంగతులు.
సున్నా డిగ్రీల మంచుముక్కలు గిన్నెలో వేసి ఒకే సెగ మీద పెట్టండి. వేడి బయటికి పోకుండా చూశామనుకుంటే, మంచంతా కరగడానికి 8 నిమిషాలు పడితే ఆ నీరు 100 డిగ్రీలకు కాగడానికి 10 నిమిషాలు పడుతుంది. అక్కడినుంచి చుక్క మిగలకుండా ఆవిరి కావడానికి 54 నిమిషాలు. గ్రాముకి 80, 100, 540 కేలరీల లెక్క అది. నేనొకసారి థర్మామీటరు పెట్టి, గరిటెతో కలుపుతూ కూర్చున్నాను. చివరి మంచుపెళుసు గోరంత అయి, అద్దంలా పల్చబడి, నీటిలో గిరగిరా తిరుగుతున్నప్పుడు కూడా గీత సున్నా దగ్గరే ఉంది. అది మాయమైన కాసేపటికి కదిలింది.

పాతకాగితం:
కొలిమి గారూ, చాలా బాగుంది. కానీ నేనడిగింది రుగై అనా, రిగి అనా అని.

కొలిమి:
మీ మాస్టారు కాగడానికి, మరగడానికి తేడా తెలిసినవారు. అలాంటాయన "మరిగిన వేడిమి" అని రాయరు. మరిగేది నీరు.

గళ్ళనుడి:
అలవాటు పడడం అనే నా అర్థాన్ని ఎవరూ కొట్టెయ్యలేదని మనవి. నీరు మంచుగా గడ్డకట్టేటప్పుడు మింగిన 80 కేలరీలూ తిరిగి ఇచ్చేస్తుంది. ఆవిరి నీరయ్యేటప్పుడు 540 ఇచ్చేస్తుంది. ఒక్క కేలరీ ఎగ్గొట్టదు. ఇంత నమ్మకంగా వెంట ఉండి, మళ్ళీ తేలే వేడిని దాక్కున్నది అనడం కన్నా మరిగినది అనడమే న్యాయం.

నిద్రగన్నేరు:
అలవాటు పడ్డ వేడి అవతల తేలడం ఎందుకండీ? అలవాటు పడితే వదలకూడదు కదా. దాక్కున్నదే తేలుతుంది. మూడో పాదం మరుగు, నాలుగో పాదం తేలు. జంట కుదిరింది.

అరసున్న:
జంట కుదిరిందంటే ఒప్పుకుంటా, కానీ ర సంగతి అలాగే ఉంది. చాటుకు తమిళంలో మఱై, అక్కడా బలమైన ఱ యే. నీరు మరగడంలో ఉన్నది ఏ ర అన్నది వేరే పెద్ద కథ, దానికి వేరే పోస్టు పెడతాను. అంతవరకూ "యమకం" అనే మాట ఎవరూ వాడకండి.

తోకచుక్క:
యమకం.

పాతకాగితం:
మాతో చదువుకున్న ఒకతనికి ఫోన్ చేశాను. పద్యం మొత్తం గడగడా చెప్పాడు, మూడో పాదంతో సహా. అతను చెప్పింది "మరుగు నీటిలోన నొరిగిన వేడిమి" అని.

అరసున్న:
యతి పోయిందండీ. మ కి నొ ఎలా కుదురుతుంది? అతని దగ్గర మిగతా మూడు పాదాలూ ఎలా ఉన్నాయో అడగండి, ముఖ్యంగా ఆవిరి దగ్గర సంధి.