ఆదివారం నేర్చుకున్నది సోమవారం ఎందుకు అక్కరకు రావడం లేదు?

ప్రశ్న (కడప నుంచి):
అందరికీ ప్రభువు నామంలో వందనాలు. పదకొండేళ్లుగా మా సంఘంలో సండే స్కూలు పిల్లలకు పాఠం చెబుతున్నాను. నా దగ్గర కంఠత వాక్యాలు అప్పజెప్పిన పిల్లలు ఇప్పుడు బెంగళూరులో ఉద్యోగాలు చేస్తున్నారు. క్రిస్మస్‌కు వచ్చినప్పుడు మాట్లాడిస్తే, విశ్వాసాన్ని వాళ్లు వదులుకోలేదని తెలుస్తుంది; కానీ జీతం ఎలా ఖర్చు పెట్టాలి, పై అధికారి తప్పుడు లెక్క రాయమంటే ఏం చేయాలి, అర్ధరాత్రి దాటినా చేతిలోని ఫోనును ఎలా పక్కన పెట్టాలి అనే చోట ఆ విశ్వాసానికి పని లేకుండా పోయింది. ఈ లౌకిక సమాజంలో శిష్యులను ఎలా తయారుచేయాలో అనుభవమున్నవారు చెప్పగలరు.

జవాబు (కర్నూలు నుంచి):
సోదరీ, మీరు పాఠం సరిగానే చెప్పారు; పాఠం తరువాత వాళ్లతో నడిచేవారే లేరు. మార్కు సువార్త 3వ అధ్యాయంలో ప్రభువు పన్నెండుమందిని నియమించినప్పుడు, ప్రకటించడానికి పంపడం కంటే ముందు, వారు తనతో కూడ ఉండాలన్న మాట ఉంది. 1742లో ఇంగ్లండులోని బ్రిస్టల్‌లో, మెథడిస్టు ఉద్యమాన్ని మొదలుపెట్టిన బోధకుడు జాన్ వెస్లీ అనుచరులు ప్రార్థనా మందిరం అప్పు తీర్చడానికి సభ్యులను పన్నెండుమంది చొప్పున విభజించి, తలకు వారానికి ఒక పెన్నీ (అక్కడి చిన్న నాణెం) వసూలు చేసే బాధ్యతను ఒక్కో గుంపులో ఒకరికి అప్పగించారు. ఆ వసూలుకు ఇల్లిల్లూ తిరిగినవారికి ఎవరి ఇంట్లో తాగుడు ఉందో, ఎవరు కుంగిపోయి ఉన్నారో కంటబడింది. ఆ తరువాత వారంతా వారానికోసారి ఒకచోట కూర్చుని, తమ ఆత్మ స్థితి ఎలా ఉందో ఒకరికొకరు చెప్పుకోవడం మొదలుపెట్టారు. అప్పు కోసం పుట్టిన ఆ ఏర్పాటే మెథడిస్టు సంఘాలకు వెన్నెముక అయింది. మన పల్లెల్లోని గృహ కూటాలకు ఆ శక్తి ఉండేది. ఇప్పుడు అక్కడ కూడా ప్రసంగమే మిగిలిందని నా బాధ.

జవాబు (అనంతపురం నుంచి):
పై అన్నగారి మాటతో ఏకీభవిస్తూనే రెండు విషయాలు మనవి చేస్తాను. 1976లో 42వ సవరణ ద్వారా రాజ్యాంగ పీఠికలో చేరిన 'లౌకిక' అనే మాట దేవుణ్ణి కాదనేది కాదు. మనకు ఆరాధనా స్వేచ్ఛ ఉన్నది అటువంటి రాజ్యంలోనే. కాబట్టి సమాజాన్ని శత్రువుగా చూపి పిల్లలను భయపెట్టవద్దు. రెండవది మరింత ముఖ్యం. ఒకరి లోపాలు పదిమంది ముందు ఒప్పింపజేసే కూటం కొద్దికాలానికే నాయకుడి పెత్తనంగా మారుతుంది. నా యవ్వనంలో ఒక కూటంలో నేను చెప్పుకున్న పాపం వారం తిరగకుండానే వీధిలో వినిపించింది. ఆ తరువాత ఎనిమిదేళ్లు నేను ఎవరితోనూ కలిసి ప్రార్థించలేదు. ముగ్గురు చాలు, విన్నది బయటకు పోకూడదు, పెద్దవారు తమ సంగతి కూడా చెప్పాలి.

ప్రశ్న అడిగిన సోదరి:
ఇద్దరికీ వందనాలు. బెంగళూరులో ఉన్న ముగ్గురు ఆడపిల్లలతో శనివారం రాత్రి ఫోనులో కూర్చోవాలని నిశ్చయించుకున్నాను. పోయిన నెల నేను అన్న ఒక కఠినమైన మాట వల్ల మా తోడికోడలు మా ఇంటికి రావడం మానేసింది. మొదటి వారం ఆ సంగతి నేనే ముందు చెబుతాను.