జపాన్ కథల్లో "హితొనత్సు"ని తెలుగులో ఏమందాం?

ప్రశ్న: జపాన్ నవలల, యానిమేల పరిచయాల్లో "హితొనత్సు" అన్న మాట తెగ కనిపిస్తోంది. "ఒక వేసవి" అని రాస్తే చప్పగా ఉంది. అసలు వాళ్ల పిల్లలంతా వేసవిలోనే ఎందుకు పెద్దవాళ్లవుతారు?

జవాబు: హితొ అంటే ఒకటి, నత్సు అంటే వేసవి, అంతేనండీ. బరువంతా బడి క్యాలెండర్‌లో ఉంది. అక్కడ కొత్త తరగతి ఏప్రిల్‌లో మొదలవుతుంది. వేసవి సెలవులు చాలాచోట్ల జులై మూడో వారం నుంచి ఆగస్టు చివరిదాకా, అంటే చదువుల ఏడాది నడుమ. మన పిల్లలు సెలవులయ్యాక పై తరగతికి పోతారు. వాళ్లు మళ్లీ అదే తరగతికి, అదే టీచరు దగ్గరికే వస్తారు. మార్పంటూ ఉంటే అది పిల్లాడిలోనే కనిపించాలి. కథ రాసేవాడికి ఇంతకంటే ఏం కావాలి!

పైగా ఆగస్టు నడుమ ఒబోన్. పోయిన పెద్దలు ఇంటికొస్తారని నమ్మే రోజులు, మన మహాలయ పక్షాల్లాగా. కొన్ని ప్రాంతాల్లో కీరదోసకాయకి పుల్లలు గుచ్చి గుర్రం చేస్తారు, వంకాయతో ఆవు. రావడానికి గుర్రమట, త్వరగా రావాలని. పోవడానికి ఆవు, నింపాదిగా. ఆటల సెలవుల్లోనే చావు మాట ఇంట్లోకి వస్తుందన్నమాట.

యుమొతొ కజుమి 1992 నాటి నవల "నత్సు నొ నివా" (వేసవి పెరడు) చూడండి. ఆరో తరగతి కుర్రాళ్లు ముగ్గురు. చావంటే ఎలా ఉంటుందో చూడాలని, ఇవాళో రేపో పోతాడనుకున్న ఒంటరి ముసలాయన మీద నిఘా పెడతారు. ఆయనేమో వీళ్లని పసిగట్టి హుషారవుతాడు, వీళ్లచేత పెరట్లో గడ్డి పీకిస్తాడు! ఆరో తరగతి అక్కడ ప్రాథమిక బడిలో ఆఖరిది, ఆ సంగతి గుర్తుపెట్టుకుని చదవాలి.

ఇంకొకరు: హైకూల్లో కూడా ఇంతేనా?

జవాబు: అక్కడ ఇంకో మెలిక ఉంది. పాత పంచాంగం లెక్కన ఆగస్టు 7, 8 తేదీలకే శరత్తు మొదలు. ఒకటో తరగతి పిల్లలు కుండీల్లో పెంచి, సెలవులకి ఇంటికి మోసుకెళ్లే అసగావొ తీగ, సాయంత్రం అరిచే హిగురాషి కీచురాయి, రెండూ హైకూలో శరత్తుని సూచించే రుతువు మాటలే. సెలవులు సగం ఉండగానే వేసవి అయిపోతుంది.

మీ అనువాదానికి నేనైతే "ఆ ఒక్క వేసవి" అంటాను. పేరులో ఇమడకపోతే "ఆ వేసవి" చాలు.