సమస్య: చేయి లేకయె వ్రాసెను చెట్టుమీద

నిర్వాహకుడు: కర్ణాటకలోని ఆగుంబె వెళ్లొచ్చాను. పోకమాను మీద సున్నం చిమ్మినట్టు రూపాయి బిళ్లంత తెల్లమచ్చ. అందులో వెంట్రుకంత నల్లగీతలు, ఒకటి వంకర తిరిగి, ఒకటి రెండుగా చీలి. అచ్చం రాతే! బస్సెక్కేలోపే పాదం వచ్చేసింది. కానివ్వండి.

గోదావరి గట్టు:
అడవి వర్షాల తడిసిన యట్టి వేళ
బెరడు చీలిన గీతలు మెఱయునట్లు
దంతి తన కొమ్ము మొనతోడ దారి నాఁగి
చేయి లేకయె వ్రాసెను చెట్టుమీద

కృష్ణవేణి: దృశ్యం కళ్లకు కట్టింది. కానీ రెండో పాదంలో బె–మె యతి చెల్లదండీ. 'వెలుఁగునట్లు' అంటే సరిపోతుంది.

ఓరుగల్లు: యతి సరే, అసలు చిక్కు వేరే ఉంది. తొండాన్ని చేయిగా చూడబట్టే కదా ఏనుగు 'హస్తి' అయింది! చేయి ఉన్నదాన్ని లేదంటే ఎలా? నా పూరణ:

బూజు పాచియు నొక్కింట పొత్తు గూడి
నల్ల గంటపు గీతల నవ్యలిపిని
కాయలే యక్షరమ్ములై కానఁబడఁగ
చేయి లేకయె వ్రాసెను చెట్టుమీద

నిర్వాహకుడు గారు చూసింది గ్రాఫిస్ లాంటి లైకెన్, అంటే బూజూ పాచీ కలిసి బతికే జీవి. ఈ కుటుంబంలోని ఒకదానికి వృక్షశాస్త్రవేత్త లిన్నేయస్ 1753లోనే 'లైకెన్ స్క్రిప్టస్' అని పేరు పెట్టాడు, 'రాసి ఉన్నది' అని.

గోదావరి గట్టు: హస్తి దెబ్బ ఒప్పుకున్నాను. కానీ 'రాతిగుండెను విరిసెను రమ్యసుమము' సమస్యకు నేను బిర్యానీలో వేసే రాతిపువ్వును తెస్తే, 'అది నాచు' అని కొట్టేసింది మీరే. అదీ లైకెనే! ఇప్పుడు మీ మొదటి పాదం చూడండి, ఇద్దరూ కలిసి రాశారన్నారు. ఆ నల్లగీతలు బూజు కాయలు, బీజాలు వచ్చేది ఆ చీలికల్లోంచే. నారింజ రంగు ట్రెంటిపోలియా పాచి లోపల కూర్చుని వెలుతురుతో తిండి వండుతుంది. రాత ఒక్క బూజుదే. ఇలా మార్చండి:

పాచి వండిన తిండితో బ్రతుకు బూజు

కృష్ణవేణి: ఆహా! పా–బ్ర యతి ఎంత హాయిగా కూర్చుందో. కర్త ఒక్కటే అయింది, అన్వయం కూడా తేలికైంది.

నిర్వాహకుడు: 'గంటపు గీత' మాత్రం కదపకండి. తాటాకు మీద గంటంతో గీసి మసి పూస్తే తేలే సన్నగీత ఎలా ఉంటుందో, ఆ మాను మీద అలాగే ఉంది.

ఓరుగల్లు: రాతిపువ్వును నాచన్నది నా పొరపాటే, గోదావరి గారూ. ఆ పూరణ మళ్లీ ఇక్కడ పెట్టండి, ఈసారి సరిగ్గా చదువుతాను. మొదటి పాదం మీ పేరు మీదే ఉంచుతున్నాను.